గడీ నుంచి అడ్డా దాకా: నర్సింగరావు సినిమా, పాలమూరు చూపు

తెలుగు టాకీ 1932లో ‘భక్త ప్రహ్లాద’తో మొదలైంది. అప్పటి నుంచి ఇప్పటిదాకా మన తెర మీద నాగలి పట్టిన రైతు కనిపించాడు, జమీందారు కనిపించాడు, పట్నం చదువు చదివి ఊరికొచ్చిన కొడుకు లెక్కలేనన్నిసార్లు కనిపించాడు. ఇంటికి తాళం వేసి, ముసలివాళ్లను ఊళ్లో వదిలి, పెళ్లాం పిల్లలతో మట్టి మోయడానికి వెళ్లిపోయే మనిషి మాత్రం కథ మధ్యలో నిలబడ్డది చాలా అరుదు. ఆ మనిషిని మధ్యలో నిలబెట్టి, ఎక్కడి నుంచి వచ్చాడో, అతని వెనక ఏ దొర గడీ ఉందో, ఏ పోరాటం ఓడిపోయిందో వరసగా చూపించిన దర్శకుడు బి. నర్సింగరావు. కథ రాసుకుని, స్క్రీన్‌ప్లే రాసుకుని, తానే దర్శకత్వం వహించిన ఆయన ప్రస్థానాన్ని ఒక్కో సినిమాగా విడదీసి మెచ్చుకోవడం మనకు అలవాటయింది. అన్నింటినీ కలిపి ఒకే చరిత్రగా చదవాలన్నది ఈ వ్యాసం ఉద్దేశం. పాలమూరు (పాత మహబూబ్‌నగర్ జిల్లా) నుంచి చదివితే ఆ వరస మరింత స్పష్టంగా కనబడుతుంది.

జడ్చర్లకూ నాగర్‌కర్నూలుకూ నడుమనున్న మా తిమ్మాజిపేట చుట్టూ ఎక్కువగా చల్క భూములే. వానపడితే పంట, పడకపోతే వలస. తరాలుగా ఇదే లెక్క. గుంపు మేస్త్రి అడ్వాన్సు చేతిలో పెడితే, ఆ బాకీ తీరేదాకా ఇంటిల్లిపాదీ అతని గుంపులోని మనుషులే. నాగార్జునసాగర్, శ్రీశైలం మొదలుకొని దేశంలో ఎన్నో ఆనకట్టలకు, కాలువలకు మట్టి తవ్వి మోసింది ‘పాలమూరు లేబర్’. కృష్ణ మా జిల్లా అంచునే పారుతున్నా, ఆ నీళ్లను ఆపే కట్టలు కట్టడానికి మావాళ్లు వేరే ఊళ్లకు వెళ్లారు. ఇలాంటి చోట కూర్చుని తెలుగు సినిమా చరిత్రను చదివేవాడికి మొదట తట్టే ప్రశ్న ఒకటే. మేం ఈ బొమ్మలో ఎక్కడున్నాం?

ఇలాంటి ప్రశ్నకు మా వైపు ఒక పాత జవాబు ఉంది. తెలంగాణలో కవులే లేరన్న మాట వినబడ్డప్పుడు గద్వాల ప్రాంతపు సురవరం ప్రతాపరెడ్డి వాదనకు దిగలేదు. ఊరూరా వెతికించి 354 మంది కవులను ఒకచోట చేర్చి 1934లో ‘గోలకొండ కవుల సంచిక’ అచ్చు వేశారు. లేరన్నవాళ్లకు ఉన్నవాళ్లను చూపించడమే ఆయన పద్ధతి. నర్సింగరావు సినిమా చేసిందీ అదే పని. తేడా ఏమిటంటే, ప్రతాపరెడ్డికి కాగితం, అచ్చుయంత్రం ఉంటే సరిపోయింది. సినిమాకు డబ్బు కావాలి, థియేటరు కావాలి, మద్రాసు దయ కావాలి.

1970ల దాకా తెలుగు సినిమా తయారైంది మద్రాసులో. పెట్టుబడి, కథలు, నటులు, యాస అన్నీ ఎక్కువగా కోస్తా నుంచి వచ్చినవే. కరీంనగర్‌లో పుట్టిన పైడి జైరాజ్ బొంబాయి వెళ్లి మూకీల కాలం నుంచి హిందీ తెర మీద కథానాయకుడై, చివరికి 1980కి గాను దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. తెలుగు తెరకు ఆయన అక్కర రాలేదు. తెలంగాణ మాట తెర మీద వినబడితే అది నౌకరు నోటనో, రౌడీ నోటనో, నవ్వించడానికి పెట్టిన పాత్ర నోటనో వినబడేది. దాశరథి రంగాచార్య నవల ఆధారంగా వచ్చిన ‘చిల్లర దేవుళ్లు’ లాంటి మినహాయింపులు కొద్ది.

తెలంగాణ పల్లెను గంభీరంగా చూసిన తొలి కెమెరాలు చాలావరకు బయటి భాషలవి. సికింద్రాబాద్ తిరుమలగిరిలో పుట్టిన శ్యామ్ బెనగల్ 1974లో ‘అంకుర్’ తీశాడు. హైదరాబాద్ పొలిమేర పల్లెలో, దక్కనీ కలిసిన హిందీలో, భూస్వామి కొడుకూ పనిమనిషీ మధ్య కథ. మరుసటి ఏడు ‘నిశాంత్’. 1977లో మృణాల్ సేన్ ప్రేమ్‌చంద్ ‘కఫన్’ కథను తెలుగు నేల మీదికి తెచ్చి ‘ఒక ఊరి కథ’ చేశాడు. ఈ చిత్రాల విలువను నేను తక్కువ చేయను. ‘ఒక ఊరి కథ’లో వాసుదేవరావు చేసిన తండ్రి పాత్రను మించిన పేదవాడి చిత్రణ మన భాషలో ఇప్పటికీ కొద్దిగానే ఉంది. అయినా అవి తెలంగాణను భారతీయ పల్లెకు ఉదాహరణగా చూశాయి. ఈ పల్లెకు దానిదంటూ ఒక చరిత్ర ఉందని చెప్పే పని మిగిలిపోయింది.

1946లో ఇప్పటి సిద్దిపేట జిల్లా గజ్వేల్ దగ్గర ప్రజ్ఞాపూర్‌లో పుట్టిన నర్సింగరావు సినిమాకు రాకముందు చిత్రకారుడు. హైదరాబాద్‌లో చిత్రకళ చదివాడు. 1970ల్లో ‘ఆర్ట్ లవర్స్’ పేరుతో మిత్రులను కూడగట్టాడు. పాటకూ నాటకానికీ అక్కడ చోటు దొరికింది, ప్రజాగాయకుడు గద్దర్‌తో స్నేహమూ ఆ రోజులదే. బెంగాల్ కరువు మీద గౌతమ్ ఘోష్ తీసిన డాక్యుమెంటరీ ‘హంగ్రీ ఆటమ్’ ఆయన కంట పడింది. దాని ఫలితమే 1979 నాటి ‘మా భూమి’. జి. రవీంద్రనాథ్‌తో కలిసి నర్సింగరావు నిర్మాత. దర్శకుడు గౌతమ్ ఘోష్‌కు అది తొలి కథాచిత్రం. తెలంగాణ సాయుధ పోరాటం మీద కిషన్ చందర్ రాసిన ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ దానికి మూలం.

నవలనుంచి తెరకు వచ్చేటప్పటికి ఏం మారిందో గమనిస్తే రచయితలుగా నర్సింగరావు బృందం చేసిన పని అర్థమవుతుంది. నవలలో ఉరికి సిద్ధమైన రాఘవరావు జైలులో తన గతాన్ని తలచుకుంటాడు. చిత్రంలో రామయ్య అనే పల్లె కుర్రవాడు మన కళ్లముందే పెరుగుతాడు. వెట్టి చూస్తాడు, ప్రేమించిన పిల్ల గడీకి వెళ్లక తప్పని స్థితి చూస్తాడు, నగరానికి పోయి కార్మికుల్లో రాజకీయం నేర్చుకుంటాడు, తుపాకీ పట్టి ఊరికి తిరిగొస్తాడు. జ్ఞాపకంగా ఉన్నది నడకగా మారింది. కథ 1948తో ఆగిపోకపోవడం అన్నింటికన్నా పెద్ద నిర్ణయం. నిజాం పోయాక, సైన్యం వచ్చాక, పారిపోయిన దొరలు తెల్లటోపీలు పెట్టుకుని మళ్లీ ఊళ్లలో దిగడం చిత్రం చూపిస్తుంది. పోరాట సినిమాలు విజయంతో ముగియాలనే ఆశను కాదని చరిత్ర వైపు నిలబడ్డ ముగింపు అది.

‘మా భూమి’ని జనం మధ్యకు తీసుకెళ్లింది దాని పాట. సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన పాట గద్దర్ గొంతులో, పశులగాసే పిల్లవాడి మీద సుద్దాల హనుమంతు రాసిన పాట సంధ్య గొంతులో వినబడ్డాయి. వింజమూరి సీత సంగీతానికి నాగభూషణం తోడయ్యారు. ఈ పాటలు సినిమా కోసం పుట్టినవి కావు. దళాలు పాడినవి, పొలాల్లో నానినవి. సినిమా వాటిని తిరిగి జనానికి అప్పగించింది. సాయిచంద్ అనే కొత్త నటుడు, పేరున్న తారలు లేని బృందం, ఉదయం ఆటలతో మొదలైన ప్రదర్శన. అయినా హైదరాబాద్‌లో అది చాలాకాలం ఆడింది. తెలంగాణ బతుకును చూడటానికి జనం టికెట్టు కొంటారన్న సంగతి అప్పుడు రుజువైంది. ఆ రుజువును పరిశ్రమ పట్టించుకోలేదు. ‘మా భూమి’ తర్వాత అలాంటి పది సినిమాలు రావాల్సింది, రాలేదు.

1983లో వచ్చిన ‘రంగుల కల’తో నర్సింగరావు స్వయంగా దర్శకుడయ్యాడు. హైదరాబాద్‌లో బతకడానికి తంటాలు పడే చిత్రకారుడు రవి పాత్రను తానే వేశాడు. బొమ్మ ఎవరి గోడ మీద వేలాడాలి, ఎవరి కోసం వేయాలి అన్నది కథలోని మథనం. గద్దర్ వీధిలో పాడే సన్నివేశాలు ఆ మథనానికి ఒక వైపు నిలబడతాయి, కొనుగోలుదారుల డ్రాయింగ్ రూములు మరోవైపు. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం వచ్చింది. ఆయన సినిమాల్లో ఇది తక్కువ పట్టున్నదని నా అభిప్రాయం. ఆలోచనలు పాత్రల నోటి వెంట నేరుగా వచ్చేస్తాయి, మధ్యతరగతి కళాభిమానులు సులభంగా దొరికిపోయే గురిగా మిగులుతారు. అయితే ఈ సినిమా లేకుండా తర్వాతివి లేవు. ఎవరిని చూపాలి, ఎంత దగ్గరికి పోయి చూపాలి అన్న ప్రశ్నను ఆయన ముందు తనమీద వేసుకున్నాడు. ఆ ప్రశ్నకు జవాబు తరువాతి ఏడేళ్ల పని.

ఆ జవాబులో మొదటి మెట్టు ‘మా ఊరు’. తెలంగాణ పల్లె రోజువారీ పనిని, పండుగను, వృత్తులను పట్టి చూపిన ఈ డాక్యుమెంటరీకి మానవజీవన చిత్రాల విభాగంలో జాతీయ పురస్కారం దక్కింది. కుమ్మరి చేయి, మగ్గం, వంటింటి పొగ, ఊరి పొద్దు. ఏ ఒక్క పనినీ తొందరపెట్టి దాటదు. పేదల బతుకును తీసే కెమెరాకు ఎప్పుడూ ఒక ప్రమాదం పొంచి ఉంటుంది. స్పెయిన్ దర్శకుడు లూయిస్ బున్యుయెల్ 1933లో ‘లాస్ ఉర్దెస్’ అనే తన దేశపు అతిపేద కొండప్రాంతం మీద డాక్యుమెంటరీ తీశాడు. తిండికి, మందుకు నోచుకోని ఆ ఊళ్లను చూపి స్పెయిన్‌ను సిగ్గుపడేలా చేయాలన్నది అతని పట్టుదల. ప్రభుత్వం దాన్ని నిషేధించింది. ఆ చిత్రంలో కొండ మీంచి మేక పడిపోయే దృశ్యంలో తుపాకి పొగ తెర అంచున కనిపిస్తుంది. మేకను కాల్చి పడగొట్టారన్నమాట. దిగ్భ్రాంతి కోసం అతడు ఆ పని చేశాడు, దాని తీవ్రతకు ప్రపంచం ఇప్పటికీ తలవంచుతుంది. నర్సింగరావు ఎంచుకున్నది దీనికి పూర్తిగా భిన్నమైన దారి. ‘మా ఊరు’లో చూసేవాణ్ణి అదరగొట్టే ఉద్దేశం ఎక్కడా లేదు. అక్కడి మనుషులకు పని వచ్చు, ఆ పనిలో నేర్పుంది, అందం ఉంది. దోపిడీని తరువాతి సినిమాలో చూపబోయేవాడు, ముందుగా దోపిడీకి గురయ్యేవాళ్ల నేర్పును చూపాడు. ఈ క్రమం నాకు చాలా ముఖ్యంగా కనిపిస్తుంది.

ఇక్కడ మా కొల్లాపూర్, అలంపురం ప్రాంతాలను తలచుకోకుండా ఉండలేను. 1980ల మొదట్లో శ్రీశైలం జలాశయం నిండినప్పుడు కృష్ణ, తుంగభద్రల ఒడ్డున పదుల పల్లెలు మునిగాయి. గుళ్లను రాయి రాయి విప్పి పైకి తెచ్చి మళ్లీ కట్టారు, పురావస్తు శాఖ ఆ శ్రద్ధ చూపింది. ఇళ్లను, వాకిళ్లను, బావిగట్లను, అక్కడి పనిని, పాటను అలా విప్పి పైకి తెచ్చే శాఖ లేదు. ‘మా ఊరు’ వచ్చింది ఆ దశాబ్దంలోనే. అంత ఓపికున్న కెమెరా ఒక్క ముంపు ఊరిలో ఒక్క ఏడాది తిరిగి ఉంటే మాకు ఈ రోజు ఎంత మిగిలేదో!

1988లో ‘దాసి’. తెలుగులో వచ్చిన గొప్ప సినిమా ఏదని అడిగితే నేను తడుముకోకుండా చెప్పే పేరు ఇది. కథ చాలా చిన్నది. నిజాం కాలపు గడీలో కమలాక్షి అనే దాసి. దొరసాని వెంట అరణంగా, సామాన్ల లెక్కలో వచ్చే ఆడబాపల ఆచారం ఆమె వెనక ఉంది. ఆమె నీళ్లు తోడుతుంది, ఊడుస్తుంది, దొరకు సేవ చేస్తుంది, అతిథులొస్తే వాళ్లకూ తప్పదు. గర్భం వస్తే దాన్ని ఉంచుకునే హక్కు ఆమెది కాదు. గడీ దాన్ని తీయిస్తుంది. ఇంతే.

ఈ ‘ఇంతే’ను స్క్రీన్‌ప్లేగా రాయడంలో నర్సింగరావు పెట్టుకున్న నియమం ఏమిటంటే, కెమెరా దాదాపు గడీ దాటి పోదు, దొర దుర్మార్గాన్ని వివరించే మాట ఎవరూ అనరు, కమలాక్షి తన బాధను గురించి ఉపన్యాసం ఇవ్వదు. ‘మా భూమి’లో గడీని బయటనుంచి చూశాం, పడగొట్టాల్సిన గోడగా. ‘దాసి’లో లోపల ఉన్నాం. పగలు ఎలా గడుస్తుందో, ఏ తలుపు ఎప్పుడు తెరుచుకుంటుందో, దొరసాని పిలుపుకీ దొర పిలుపుకీ తేడా ఏమిటో పనిమనిషి చెవులతో వింటాం. అధికారం అరవదు. ఒక గిన్నె ఎక్కడ పెట్టాలో, ఒక మనిషి ఎక్కడ నిలబడాలో అన్నదాంట్లో నిండి ఉంటుంది. దొరసాని కూడా ఆ గోడల లోపలి మనిషే. ఆమెకు నగలున్నాయి, దాసి మీద పెత్తనం ఉంది, భర్త మీద ఏమీ లేదు. రూప ఆ పాత్రను, భూపాల్ రెడ్డి దొర పాత్రను అతి లేకుండా చేశారు.

జాతీయ పురస్కారాల్లో ‘దాసి’కి ఐదు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం కాక, ఉత్తమ నటిగా అర్చన, ఛాయాగ్రహణానికి అపూర్వ కిశోర్ బీర్, కళాదర్శకత్వానికి తోట వైకుంఠం, దుస్తులకు సుదర్శన్. అంతకు ముందటి ఏడాదే బాలు మహేంద్ర తమిళ చిత్రం ‘వీడు’కు అర్చన ఆ పురస్కారం అందుకుంది. వరసగా రెండేళ్లు ఉత్తమ నటి. ఈ పేర్లలో వైకుంఠం పేరు దగ్గర కాస్త ఆగాలి. బొట్టు, ముక్కెర, ముదురు రంగు చీరలతో తెలంగాణ స్త్రీని దేశమంతా గుర్తుపట్టేలా చేసిన చిత్రకారుడు ఆయన. గడీ లోపలి గోడలు, ఇత్తడి, మసక వెలుతురు ఒకే చిత్రకారుడి కంటితో కూడినట్టు ఉండటానికి దర్శకుడూ కళాదర్శకుడూ ఇద్దరూ కుంచె పట్టినవాళ్లు కావడం కారణం.

దీనిమీదే ఒక అభ్యంతరం ఉంది, బలమైనదే. ఇంత బాధను ఇంత అందంగా చూపవచ్చా? ఆ రంగుల మధ్య దాసి బతుకు ఒక బొమ్మగా మారిపోలేదా? నా మటుకు నాకు ఆ అందం గడీదిగా కనిపిస్తుంది. తోమిన ఇత్తడి మెరుపు తోమిన చేయిది. గచ్చు నున్నదనం దాన్ని కడిగిన నడుముది. ఆ మెరుపును మసిబారించి చూపితే కమలాక్షి రోజంతా చేసే పనినే తుడిచేసినట్టవుతుంది. మా ప్రాంతంలో వనపర్తి రాజమహల్‌లో ఇప్పుడు పాలిటెక్నిక్ నడుస్తోంది, గద్వాల కోటలో కాలేజీ ఉంది. పిల్లలు చదువుకుంటున్నారు, మంచిదే. ఆ ఎత్తైన దర్వాజల కింద నడిచేటప్పుడు రాజుల పేర్లు, కవుల సన్మానాల కథలు మనకు వినబడతాయి. గచ్చు కడిగినవాళ్ల ఊసు ఎక్కడా ఉండదు. ‘దాసి’ చూశాక అలాంటి కట్టడాల్లో కళ్లు వెతికేది వేరే తలుపును, వెనక వాకిలిని.

1990 నాటి ‘మట్టి మనుషులు’ ఆ వెనక వాకిలి నుంచి బయటపడ్డవాళ్ల కథ. గడీలు కూలిపోయాయి, వెట్టి చట్టం ప్రకారం పోయింది, భూమి మాత్రం రాలేదు. పల్లెలో పని లేక పొట్ట చేతబట్టుకుని హైదరాబాద్ చేరిన కూలీల బతుకు ఇందులో విషయం. మళ్లీ అర్చనే కథానాయిక, మొయిన్ అలీ బేగ్, నీనా గుప్తా ఇతర ప్రధాన పాత్రలు. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం మళ్లీ వచ్చింది. నగరం పైకి లేస్తూ ఉంటుంది. దాన్ని లేపేవాళ్లు దాని కిందే గుడిసెల్లో ఉంటారు. కట్టడం పూర్తయ్యాక ఆ చోట వాళ్లకు నిలువ నీడ ఉండదు. పల్లెలో పేదరికం ఉన్నా ఊరంటూ ఉంది, మొగుడూ పెళ్లాల మధ్య మాట చెడితే పంచాయితీ పెట్టే పెద్దలున్నారు. నగరంలో ఆడమనిషికి ఆ ఆసరా కూడా పోతుంది. కూలితనం సంసారం లోపలికి ఎలా చొరబడుతుందో చూపడం ఈ సినిమా బలం.

‘దాసి’ అంత పేరు దీనికి రాలేదు. కథనం అక్కడక్కడ ఊహించగలిగిన దారిలో పోతుంది, నగరం పెట్టే కష్టాలు ఒకదాని మీద ఒకటి పేర్చినట్టుంటాయి. అయినా మా వైపు నుంచి చూస్తే ఆయన సినిమాల్లో అతి దగ్గరిది ఇదే. కమలాక్షి బతుకు మా తాతల నాటిది. ‘మట్టి మనుషులు’ చూపింది మాతో కలిసి బడికి వచ్చి, దసరా సెలవుల తర్వాత తిరిగి రాని పిల్లల ఇళ్ల సంగతి. పాలమూరు పేరు చెప్పకపోయినా హైదరాబాద్ కూలీ అడ్డాల మీద పొద్దున్నే నిలబడ్డవాళ్లలో ఎక్కువమంది ఎక్కడివాళ్లో తెలిసినవాళ్లకు తెలుసు. ‘మా భూమి’లో రామయ్య నగరానికి పోయి చైతన్యం తెచ్చుకుని తిరిగొచ్చాడు. పదకొండేళ్ల తర్వాత అదే దారిన పోయినవాళ్లకు తిరిగి రావడానికి ఊళ్లో ఏమీ మిగల్లేదు. ఒకే సృజనకారుడి ప్రస్థానంలో ఆ దారి అర్థం ఇంత మారిపోవడం, నాకు తెలిసి, తెలంగాణ నలభై ఏళ్ల చరిత్ర మీద వచ్చిన గట్టి వ్యాఖ్యానాల్లో ఒకటి.

అక్కడి నుంచి ఆయన సినిమా దాదాపు ఆగిపోయింది. రాళ్ల మీద, నగరం మీద డాక్యుమెంటరీలు, చాలా ఏళ్లకు ‘హరివిల్లు’, ఫొటోలు, చిత్రలేఖనం, కవిత్వం. సృజన ఆగలేదు. తెలుగు ప్రేక్షకుడికి ఏటా కాకపోయినా మూడేళ్లకొకటి అందాల్సిన కథాచిత్రాలు మాత్రం అందలేదు.

ఇక్కడ మరో స్పెయిన్ దర్శకుడు గుర్తొస్తాడు. విక్టర్ ఎరీసే 1940లో పుట్టాడు, తన కథాచిత్రాలకు తానే రచయిత. 1973లో ‘తేనెతుట్టె ఆత్మ’ అని చెప్పుకోదగ్గ తొలి చిత్రం తీశాడు. అంతర్యుద్ధం ముగిసిన తర్వాత 1940 ప్రాంతంలో ఒక పల్లెకు లారీలో సినిమా వస్తుంది, ఊరి హాల్లో ‘ఫ్రాంకెన్‌స్టైన్’ ఆడుతుంది, ఒక చిన్నపిల్ల ఆ బొమ్మను నిజమని నమ్ముతుంది. నియంత ఫ్రాంకో ఇంకా బతికే ఉన్నాడు, ఏదీ నేరుగా చెప్పే వీలు లేదు. ఆ పిల్ల కళ్లలోని మౌనమే దేశం సంగతి చెబుతుంది. రెండో చిత్రం ‘దక్షిణం’ 1983లో వచ్చింది. కథలో రెండో సగం తీయకముందే నిర్మాత ఆపేశాడు, ఉన్నంతవరకే విడుదలైంది. మూడోది 1992లో, పెరట్లోని పండ్లచెట్టును రోజూ చిత్రిస్తూ పోయే ఆంటోనియో లోపెజ్ అనే చిత్రకారుడి మీద. నాలుగోది 2023లో. యాభై ఏళ్లలో నాలుగు.

ఇద్దరి మధ్య పోలికలు పైపైవి కావు. ఇద్దరూ మాటను తగ్గించి చూపును పెంచారు. ఇద్దరికీ చిత్రకళ సినిమా లోపలి విషయం. ఇద్దరూ తమ నేల మీద బలవంతులు రాసిన చరిత్రకు ఎదురుగా చిన్నవాళ్ల కంటిని నిలబెట్టారు. అయితే స్పెయిన్ ఎరీసేను మరిచిపోలేదు. ఆయన తొలి చిత్రానికి శాన్ సెబాస్టియన్ ఉత్సవంలో అత్యున్నత బహుమతి వచ్చింది. ఆ చిత్రం ఇప్పటికీ ఆ దేశపు సినిమాను పరిచయం చేసేటప్పుడు ముందువరసలో వచ్చే పేరు. ఎనభై దాటిన వయసులో ఆయన కొత్త సినిమా తీయడానికి నిర్మాతలు దొరికారు. నర్సింగరావు ఐదు జాతీయ పురస్కారాల సినిమా తీసిన తర్వాత కూడా తెలుగు పరిశ్రమ ఆయన కోసం తలుపు తీయలేదు. తక్కువ సినిమాలు తీశాడని దర్శకుణ్ణి అడుగుతాం. ఎందుకు తీయనివ్వలేదని పరిశ్రమను అడగాలి.

అప్పటి వ్యవస్థ ఎలా ఉండేదో కొంచెం చెప్పాలి. 1980ల్లో ఇలాంటి చిత్రాలకు థియేటర్లలో ఉదయం ఆట దొరికితే గొప్ప. కరీంనగర్ ఫిల్మ్ సొసైటీ లాంటి సంస్థలు, హైదరాబాద్ ఫిల్మ్ క్లబ్ వాటిని కొందరికి చేర్చాయి. నిజంగా పెద్ద హాలు మాత్రం దూరదర్శనే. ఆదివారం మధ్యాహ్నాలు ప్రాంతీయ భాషల్లో పురస్కారాలు పొందిన సినిమాలు వచ్చేవి. పంచాయతీ టీవీ ముందు కూర్చున్న పల్లె కూడా వాటిని చూడగలిగేది. 1990ల్లో ప్రైవేటు ఛానళ్లు వచ్చాక ఆ కిటికీ మూసుకుపోయింది. సరిగ్గా అప్పుడే ఆయన కథాచిత్రాలూ ఆగాయి. ఇది యాదృచ్ఛికమని నేననుకోను.

ఆయన రచనలో లోట్లు లేవని కాదు. మగ పాత్రలు చాలాసార్లు లోతు లేకుండా మిగిలిపోతాయి. దొర అయినా, కూలీ అయినా, వ్యవస్థ తమచేత ఏం చేయించిందో అది మాత్రమే చేస్తారు. హాస్యం దాదాపు లేదు. పల్లెలో కష్టం మధ్యనే పుట్టే వెటకారం, పరాచికం ఆయన తెర మీదికి రాలేదు. మా పాలమూరు కూలీల పాటల్లో ఏడుపెంత ఉందో మేస్త్రిని దెప్పే నవ్వూ అంతే ఉంది. ఆ నవ్వు వచ్చి ఉంటే ‘మట్టి మనుషులు’ మరింత బతికేది.

తర్వాతివాళ్ల సంగతి. అల్లాణి శ్రీధర్ ‘కొమరం భీమ్’ తీశాడు. ‘దాసి’లో దొర అయిన భూపాల్ రెడ్డి అందులో భీమ్ అయ్యాడు. నాగర్‌కర్నూలు జిల్లా గౌరారానికి చెందిన గోరటి వెంకన్న పల్లె క్షీణత మీద కట్టిన పాట ‘కుబుసం’ సినిమా ద్వారా ఊరూరా మోగింది. సినిమాకన్నా పాటే ఎక్కువకాలం నిలిచింది. లింగాల మండలం నుంచి కిన్నెర పట్టుకుని పాలమూరు జానపద వీరుడు పండుగ సాయన్న కథ చెప్పిన దర్శనం మొగులయ్యకు 2022లో పద్మశ్రీ వచ్చింది, అదే ఏడాది ‘భీమ్లా నాయక్’లో ఆయన గొంతు వినబడింది. పెద్ద హీరో పేరును మోయడానికి ఆ గొంతు పనికొచ్చింది. సాయన్న కథ చెప్పడానికి కూడా ఆ తెరే పనికి రావాలి.

రాష్ట్రం ఏర్పడ్డాక తెలంగాణ యాస కథానాయకుడి మాట అయింది. ఇది చిన్న మార్పు కాదు, నర్సింగరావు తరం కోరుకున్నదే. 2019లో ‘దొరసాని’ గడీని మళ్లీ తెరకెక్కించింది. ప్రేమకథ కోసం ఎక్కించడంతో గడీ అందమైన నేపథ్యంగా మిగిలింది. 2023లో వేణు యెల్దండి ‘బలగం’ ఊళ్లో ఒక చావు చుట్టూ కుటుంబాన్ని కూర్చోబెట్టి, జనం చేత ఊరుమ్మడిగా సినిమా చూపించింది. దాన్ని నేను మనసారా ఇష్టపడతాను. కానీ వరసగా చూస్తే ఒక సంగతి కొట్టొచ్చినట్టు కనబడుతుంది. కొత్త తెలంగాణ సినిమా ఇంటిని, పండుగను, చావును, తాగుడును, బంధువుల అలకను తిరిగి తెచ్చింది. పనిని తేలేదు. మనిషి రోజంతా చేతులతో ఏం చేస్తాడన్నది తెరమీద లేదు. ఆసుయంత్రం కనిపెట్టిన చింతకింది మల్లేశం మీద 2019లో వచ్చిన ‘మల్లేశం’ మాత్రం దీనికి గౌరవప్రదమైన మినహాయింపు. తల్లి భుజం నొప్పి నుంచి కథ పుట్టింది కాబట్టి పని అందులో నడిమధ్యన ఉంది. ‘మా ఊరు’, ‘దాసి’ తీసిన కంటికి అసలైన వారసుణ్ణి వెతికితే నాకు దొరికేది ఆ సినిమాయే.

పాలమూరు ఇప్పుడు మారింది. 2016 అక్టోబరులో పాత జిల్లా ముక్కలై నాగర్‌కర్నూలు, వనపర్తి, జోగులాంబ గద్వాల ఏర్పడ్డాయి. కల్వకుర్తి ఎత్తిపోతల నీళ్లు కొన్ని చెరువులను నింపాయి, చల్కల్లోనూ వరి కనబడుతోంది. హైదరాబాద్ కట్టడాల దగ్గర ఇప్పుడు ఒడిశా, బీహార్ భాషలు వినబడుతున్నాయి. ఒకనాటి పాలమూరు కూలీ ఉన్న చోట వేరే రాష్ట్రపు కూలీ. ఒకప్పుడు గుంపులో మట్టి మోసినవాడి కొడుకు ఈ రోజు మేస్త్రి అయి ఉండొచ్చు. తన తండ్రి చేత అడ్వాన్సు పేరుతో చేయించిన పనే వేరొకడి చేత చేయిస్తూ ఉండొచ్చు. ‘మట్టి మనుషులు’ ఆగిన చోట నుంచి మొదలయ్యే స్క్రీన్‌ప్లే ఇది. దోచేవాడూ దోపిడీకి గురైనవాడూ ఒకే ఇంట్లో ఉన్నారు, ఇప్పటి మేస్త్రికీ కూలీకీ భాష కూడా ఒకటి కాదు. రాయగలిగినవాడికి ఇంతకు మించిన కథ ఏం కావాలి?

అది రాయబోయే కుర్రవాళ్లకు ముందు ఆ పాత సినిమాలు కనబడాలి. 2025 నుంచి తెలంగాణ ప్రభుత్వం గద్దర్ పేరుతో సినిమా పురస్కారాలు ఇస్తోంది, పైడి జైరాజ్ పేరుతోనూ ఒకటి పెట్టింది. గద్దర్‌ను తెర మీద నిలిపిన ‘మా భూమి’, ‘రంగుల కల’ల మంచి ప్రింట్లు నాగర్‌కర్నూలు కాలేజీ విద్యార్థికి అందేలా చేయడం ఆ పురస్కారాల ఖర్చు ముందు పెద్ద లెక్కేమీ కాదు. ‘దాసి’ రంగులు అసలు ఎలా ఉండేవో ఇంటర్నెట్‌లో తిరిగే వెలసిన కాపీ చూసి ఎవరూ చెప్పలేరు. పుణెలో 1964 నుంచి జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ ఉంది, పాత చిత్రాలను శుభ్రం చేసి తిరిగి నిలబెట్టే పరిజ్ఞానం దేశంలో ఉంది. దర్శకుడు, నటి, ఛాయాగ్రాహకుడి మాట తీసుకుని రంగులు సరిదిద్దే అవకాశం ఎల్లకాలం ఉండదు. ఆ పని మొదలైతే, తొలి ప్రదర్శన హైదరాబాద్ మల్టీప్లెక్సులో పెట్టకుండా వనపర్తి పాలిటెక్నిక్ ఆవరణలోనో, గద్వాల కోటలోనో పెట్టమని అడుగుతాను. తిమ్మాజిపేట నుంచి రెండు చోట్లకూ బస్సులో పోయి రావచ్చు.